మాతృభాష గడిలో ఏం రాయాలి?

మహబూబాబాద్ దగ్గరి తండా నుంచి వచ్చి హనుమకొండలో డిగ్రీ చదువుతున్న ఒక అమ్మాయి అడిగిన ప్రశ్న ఇది: "భాషే సంస్కృతి, భాష పోతే ఉనికి పోతుంది అని మాకు క్లాసులో చెప్పారు. మా యాడి (అమ్మ) ఇంట్లో మా లంబాడీల భాష గోర్ బోలీ మాట్లాడుతుంది. నాకు అర్థమవుతుంది కానీ జవాబు తెలుగులోనే వస్తుంది. తమ్ముడికి అర్థం కావడమే కష్టం. అంటే మేము సగం లంబాడీలమేనా? భాష నిజంగా మనిషిని అంతగా తయారుచేస్తుందా?"

బిడ్డా, డిగ్రీ చదువుతున్నానన్నావు కాబట్టి నువ్వు అనే అంటున్నా, ఏమనుకోకు. మా దిక్కు నువ్వు అంటే దగ్గరితనం. కోస్తా నుంచి వచ్చిన నా తోటి టీచరు ఒకాయనకు ఈ సంగతి తెలియక, మొదటి ఏడాదంతా ఊరివాళ్ల మీద అలిగే ఉన్నాడు. నేను ముప్పై ఏళ్లకు పైగా సర్కారు బడుల్లో తెలుగు చెప్పాను. అందులో ఎక్కువ కాలం తండాల్లో, ములుగు అడవి పక్క ఊళ్లలో. పంతుళ్లం కాబట్టి జనగణన డ్యూటీలు కూడా పడేవి. 1991, 2001, 2011, మూడుసార్లూ తిరిగాను. పుస్తకాల్లో చదివిన దానికంటే ఆ కాగితాలు పట్టుకొని ఇల్లిల్లూ తిరిగినప్పుడే నీ ప్రశ్న నాకు బాగా అర్థమైంది. అందుకని అక్కడి నుంచే మొదలుపెడతా.

జనగణన ఫారంలో మాతృభాష అని ఒక గడి ఉంటుంది. చిన్నతనంలో ఆ మనిషితో తల్లి ఏ భాషలో మాట్లాడిందో అదే రాయాలని శిక్షణలో చెప్పారు. తల్లి పసితనంలోనే పోయి ఉంటే, ఆ ఇంట్లో ఎక్కువగా నడిచిన భాష. వాళ్లు చెప్పింది భాషా, యాసా అని మేం తీర్పు చెప్పకూడదు, చెప్పింది చెప్పినట్టు రాయాలి. వినడానికి ఇంత సులువైన గడి ఇంకోటి లేదు. మూడు జనగణనల్లోనూ నాకు ఎక్కువ టైం పట్టింది దాని దగ్గరే.

2011 ఫిబ్రవరిలో ఒక తండాలో ఒక ఇల్లు. ముసలామె మంచం మీద కూర్చొని "గోర్ రాయి సారూ" అన్నది. కొడుకు "లంబాడి అని రాయండి, గోర్ అంటే ఆఫీసోళ్లకు తెల్వది" అన్నాడు. హాస్టల్‌లో చదువుతున్న మనుమరాలు తలుపు చాటు నుంచి "నాకు తెలుగని రాయండి సార్" అన్నది. ఆ పిల్లను తల్లి అప్పుడే వాకిట్లో నుంచి గోర్ బోలీలో కేకేస్తున్నది. నిర్వచనం ప్రకారం పిల్ల చెప్పింది తప్పు. రూలు ప్రకారం నేను రాయాల్సింది ఆ పిల్ల చెప్పిందే. అదే రాశాను.

అదే వారం ఇంకో ఊళ్లో ఒక ముస్లిం ఇల్లు. ఇంటాయన నాతో వరంగల్ తెలుగు నాకంటే బాగా మాట్లాడాడు. పొలం సంగతి, కరెంటు సంగతి, అన్నీ తెలుగులోనే. మాతృభాష అనగానే కొంచెం సర్దుకొని కూర్చొని "ఉర్దూ" అన్నాడు. అబద్ధమేం కాదు, ఇంట్లో ఉర్దూ ఉంది. కానీ ఆ ఉర్దూ కూడా ఈ నేల మీద పెరిగిందే. మనం "వస్తా అని చెప్పిండు" అంటే వాళ్లు "ఆతా బోల్‌కే బోలా" అంటారు. ఆ బోల్‌కే మన "అని" అనే మాటకు అచ్చు. ఢిల్లీ ఉర్దూలో అలా అనరు. పేరు ఉర్దూ, మాటల కూర్పు తెలుగుది. అయినా గడిలో ఉర్దూ అనే ఉండాలని ఆయనకు పట్టింపు. ములుగు దిక్కున ఒక కోయ గూడెంలో అయితే నేను ఉన్నంత సేపూ ఎవరి నోటా కోయ మాట వినబడలేదు. పెద్దమనిషిని అడిగితే "కోయ రాయి సారూ, మేం కోయోల్లమే గదా" అన్నాడు.

ఆ గడిలో జనం తాము మాట్లాడే భాష రాయించడం లేదని నాకు అప్పుడు తెలిసొచ్చింది. తాము ఎవరి మనుషులో రాయిస్తున్నారు.

ఆ తర్వాత ఆ కాగితాలు ఏమయ్యాయో కూడా చెప్పాలి, ఎందుకంటే అది మీ భాష కథ. 2011లో దేశమంతా కలిపి జనం చెప్పిన మాతృభాషల పేర్లు 19,569. వాటిని వడగట్టి 1,369 మాతృభాషలుగా, మళ్లీ వాటిని 121 భాషల కింద సర్దారు. ఆ సర్దుడులో లంబాడి హిందీ కిందికి పోయింది. 32 లక్షల 76 వేల మంది లంబాడి అని రాయించుకుంటే, పెద్ద లెక్కలో వాళ్లంతా హిందీవాళ్లు. మూలం చూస్తే మీ భాష రాజస్థానీకి చుట్టం, ఆ మాట నిజమే. కానీ హిందీ ఒక్క ముక్క రాని మీ నాయనమ్మ హిందీ లెక్కలో ఎందుకుండాలో నాకు ఈ రోజుకీ అర్థం కాదు. అలా చెయ్యబట్టే తండాలో కూర్చొని "లంబాడి" అనే మాటను పొందిగ్గా రాసిన నా చేతిరాత మీద నాకే కోపమొచ్చింది.

ఇప్పుడు మీ క్లాసు మాటకొస్తా. భాషే మనిషి ఆలోచనను తయారుచేస్తుంది అనే వాదం పాతదే. గట్టిగా చెప్పినప్పుడు అది నిలవదు. మన తెలుగునే చూడు. పచ్చ అంటే ఏ రంగు? పచ్చగడ్డి ఒక రంగు, పచ్చజొన్న ఇంకో రంగు. పచ్చకామెర్లు అయితే కళ్లు ఆకు రంగులోకేం మారవు. రెండు రంగులకు ఒకే మాట పెట్టుకొని వందల ఏళ్లు బతికాం, ఏ రైతూ గడ్డిని చూసి జొన్న కంకి అనుకోలేదు. అవసరమైన చోట ఆకుపచ్చ, పసుపుపచ్చ అని ఇంకో ముక్క తగిలించుకున్నాం. మాట లేనంత మాత్రాన చూపు పోదు.

అట్లని భాషకు బొత్తిగా బలం లేదనీ కాదు. రష్యన్‌లో లేత నీలానికి, ముదురు నీలానికి వేర్వేరు పేర్లున్నాయి. 2007లో అచ్చయిన ఒక పరిశోధనలో, రెండు నీలాలు చెరో పేరు కిందికి వచ్చినప్పుడు, ఒకే పేరు కిందివాటికంటే రష్యన్లు కాస్త చురుగ్గా వేరుచేశారని, ఇంగ్లీష్ వాళ్లలో ఆ తేడా లేదని తేలింది. ఆ తేడా సెకనులో చిన్న ముక్క, అంతే. ఆస్ట్రేలియాలో గూగు యిమిదిర్ అనే భాషవాళ్లు కుడి ఎడమలు వాడరు, దేన్నైనా తూర్పు పడమరలతోనే చెబుతారు. అందుకని వాళ్ల బుర్రలో దిక్కులు ఎప్పుడూ తిరుగుతూనే ఉంటాయంటారు. ఇది చదివినప్పుడు నాకు మా బాపు గుర్తొచ్చాడు. "ఆ గోలెం జెర తూర్పుకు జరుపు, నీళ్లు దక్షిణం దిక్కు పారుతున్నయ్" అనేవాడు. నేనూ అదే తెలుగు మాట్లాడతాను. హనుమకొండలో అపార్టుమెంటు మూడో అంతస్తులో నిలబెట్టి తూర్పెటు అని అడిగితే, పొద్దు ఎటు పొడిచిందో గుర్తు తెచ్చుకోవాలి. భాష అదే, బతుకు మారింది, అలవాటు పోయింది. ఈ కథలో భాష ఒక్కతే డ్రైవరు కాదు.

మరి భాష గట్టిగా పట్టుకునేది దేన్ని? నా లెక్కలో మొదటిది వరసలు. మన దగ్గర బస్సులో పక్కన కూర్చున్న మనిషిని కూడా వరస కలపకుండా పిలవలేం. ఉత్తర తెలంగాణలో చాలా ఇళ్లలో అవ్వ అంటే కన్నతల్లి, బాపు అంటే తండ్రి. రాయలసీమకు పోయి అవ్వ అంటే నాయనమ్మ అనుకుంటారు. తోడల్లుడిని మనం సడ్డకుడు అంటాం, ఆ మాట ఉత్తరాది సాఢూ నుంచి వచ్చింది. తోడికోడలు యారాలు. ఆడపడుచు ఆడిబిడ్డ. వీటిల్లో ఒక్కో మాట వెనుక ఒక్కో చట్టం ఉంది. మేనమామ కొడుకు బావ, చిన్నాన్న కొడుకు అన్న. మేనబావతో పెళ్లి మాట పరాచికంగానైనా అనొచ్చు, చిన్నాన్న కొడుకుతో అంటే పాపం. అదే ఊళ్లో, నాలుగిళ్ల అవతల ముస్లిం ఇంట్లో చిన్నాన్న పిల్లలతో సంబంధం కలుపుకోవడం మామూలు సంగతి. అక్కడ అన్నదమ్ముల పిల్లలైనా, అన్నాచెల్లెళ్ల పిల్లలైనా అందరూ భాయి, బహెన్లే. ఇంగ్లీష్‌లో అయితే ఈ గొడవే లేదు, అందరూ కజిన్లే. మా మనుమడు "మా కజిన్ వస్తున్నాడు" అన్నప్పుడల్లా, మేనత్త కొడుకా పెదనాన్న కొడుకా అని అడగకుండా ఉండలేను. వాడికి ఆ ప్రశ్న ఎందుకో అర్థం కాదు. మేనరికాలు తగ్గిపోతున్నాయి, తగ్గడమే మంచిది కూడా. కానీ బావా అని పిలిచి ఆటపట్టించే చనువు మాత్రం ఇంకా ఉంది. ఆచారం పోయినా మాట ఇల్లు ఖాళీ చెయ్యలేదు.

అట్లాంటివే ఇంకా ఉన్నాయి. బియ్యం అయిపోతే అయిపోయాయనం, నిండుకున్నాయంటాం. దీపం ఆరిపోదు, కొండెక్కుతుంది. గడప దాటేటప్పుడు పోతా అనకూడదు, పోయొస్తా అనాలి. బతుకమ్మను తయారుచెయ్యం, పేరుస్తాం. ఆరో రోజు బతుకమ్మ అలుగుతుంది కాబట్టి ఆ రోజు ఆట లేదు. అలగడం అనే మాటకు సరైన సాటి మాట ఇంగ్లీష్‌లో ఎన్నేళ్లు వెతికినా నాకు దొరకలేదు. కోపం కాదు, బాధ కాదు, బతిమాలించుకునే హక్కు ఉన్నవాళ్లే అలుగుతారు. ఇక మేడారంలో బెల్లాన్ని బెల్లం అని చూడు, పక్కనున్నవాళ్లు వెంటనే సరిదిద్దుతారు. అక్కడ అది బంగారం. కోయ పూజారుల జాతర అది. రెండేళ్లకోసారి మాఘ పున్నానికి తెలుగువాళ్లూ, మీ తండాలవాళ్లూ, ఛత్తీస్‌గఢ్ నుంచి, మహారాష్ట్ర నుంచి వచ్చినవాళ్లూ గద్దెల దగ్గర నిలబడి ఆ ఒక్క మాట దగ్గర కలుస్తారు. ఎవరింటి భాష ఏదైనా కిలోల లెక్కన మోసుకొచ్చేది బంగారమే.

రెండోది, నాకు అన్నిటికంటే ముఖ్యమనిపించేది, మనం, మేము అనే రెండు మాటలు. ఎదుటివాడిని కలుపుకుంటే మనం, బయట పెడితే మేము. హిందీ, ఉర్దూల్లో రెండింటికీ ఒకటే హమ్. ఇంగ్లీష్‌లోనూ ఒకటే. తెలుగులో నోరు తెరిచిన ప్రతిసారీ, ఎదుటివాడు లోపలా బయటా అని తేల్చుకోకుండా వాక్యం పూర్తి కాదు. నీ ప్రశ్న మళ్లీ చదువుకో. "మేము సగం లంబాడీలమేనా" అన్నావు. నన్ను బయట పెట్టి అడిగావు, అది సరైనదే. కానీ తమ్ముడిని లోపల పెట్టుకునే అడిగావు.

ఈ గీత ఎక్కడ గీయాలన్నది మాత్రం భాష చెప్పదు. దానికి మన వరంగల్ చరిత్రే సాక్ష్యం. హనుమకొండలో 1904లో పెట్టిన గ్రంథాలయం పేరేంటి? రాజరాజ నరేంద్ర ఆంధ్ర భాషా నిలయం. అప్పుడు నిజాం రాజ్యంలో సర్కారు ఆఫీసుల్లో ఉర్దూ, 1918లో మొదలైన ఉస్మానియా యూనివర్సిటీలో చదువు ఉర్దూలో. 1921 నవంబరులో హైదరాబాద్‌లో ఒక సంఘ సంస్కరణ సభ జరిగింది. మరాఠీ, ఉర్దూ, ఇంగ్లీషుల్లో మాట్లాడితే విన్న సభ, ఆలంపల్లి వెంకటరామారావు అనే వకీలు తెలుగులో మొదలుపెట్టగానే గోల చేసి కూర్చోబెట్టింది. ఆ రాత్రే కొందరు కూడి పెట్టుకున్న సంఘం పేరు ఆంధ్ర జన సంఘం. తెలంగాణలో కవులే లేరని ఎవరో అంటే, సురవరం ప్రతాపరెడ్డి 1934లో 354 మంది కవులతో గోలకొండ కవుల సంచిక అచ్చువేసి చేతిలో పెట్టాడు. అప్పటి మనంలో మద్రాసు దిక్కు తెలుగువాళ్లు కూడా ఉన్నారు. 1956 తర్వాత అందరం ఒకే రాష్ట్రంలో పడ్డాం. అప్పుడు తెలుగువాళ్లే మన తెలుగును చూసి నవ్వారు. 1969 ప్రత్యేక తెలంగాణ ఉద్యమం నాటికి గీత ఇంకో చోటికి జరిగింది, 2014లో అది రాష్ట్ర సరిహద్దే అయింది. మాట్లాడినవాళ్లు అవే ఊళ్లవాళ్లు, మాట్లాడింది అదే తెలుగు. మనం అనే మాట మాత్రం మూడుసార్లు ఇల్లు మారింది.

ఆ నవ్వినవాళ్లలో నేనూ ఉన్నాను, దాచుకోవడం ఎందుకు. ఉద్యోగంలో చేరిన కొత్తలో పిల్లల కాపీల్లో "వచ్చిండు" కనబడితే ఎర్ర ఇంకుతో కొట్టేసి "వచ్చాడు" అని రాసేవాణ్ని. మా ఇంట్లో మా అవ్వ, నేను, అందరం వచ్చిండు అనే అంటాం. వచ్చినవాడు అనే మాట ఒక దిక్కు అరిగి వచ్చాడు అయింది, ఇంకో దిక్కు అరిగి వచ్చిండు అయింది. ఆ రెండో దాంట్లో మొదటి మాటలోని నకారం సున్నాగా ఇంకా మిగిలే ఉంది. ఇది నాకు తెలిసేసరికి పదేళ్ల పిల్లల కాపీలు ఎర్రబారిపోయాయి. ఒకసారి ఒక పిల్లవాడు బొమ్మ చూసి ఆనిగెపుకాయ అని రాస్తే తప్పు పెట్టాను, పుస్తకంలో సొరకాయ అని ఉంది కాబట్టి. వాళ్ల పెరట్లో పందిరి నిండా కాసేది ఆనిగెపుకాయే. వాడు మళ్లీ ఆ సంవత్సరమంతా బొమ్మల ప్రశ్నకు జవాబు రాయలేదు. చూస్తున్నావు కదా, ఈ జవాబు కూడా బడి తెలుగులోనే రాస్తున్నా. చేతికి పట్టిన అలవాటు అంత తొందరగా పోదు.

ఈ విషయంలో మన దిక్కు అందరికంటే గట్టిగా కొట్లాడింది కాళోజీ నారాయణరావు. బడి పలుకుల భాష కాదు, పలుకుబడుల భాష కావాలన్న మనిషి. ఆయన పుట్టిన సెప్టెంబరు 9నే తెలంగాణ భాషా దినోత్సవం చేసుకుంటున్నాం. అయితే ఆయన 1914లో పుట్టింది ఇప్పటి కర్ణాటకలోని రట్టిహళ్లిలో. తల్లి కన్నడ మనిషి, తండ్రిది మరాఠీ మూలం. పెరిగింది మన హనుమకొండ పక్క మడికొండలో. నాకు శిక్షణలో చెప్పిన నిర్వచనం పట్టుకొని ఆయన ఇంటికి పోయి ఉంటే, తెలంగాణ భాషకు గుర్తుగా నిలిచిన మనిషి గడిలో కన్నడ అని రాయాల్సి వచ్చేదేమో! నువ్వు సగమా, ముప్పావా అని లెక్క వేసుకునేటప్పుడు ఈ సంగతి యాదిలో పెట్టుకో.

మాటలు పోవడం ఎప్పుడూ నష్టమే అనేవాళ్లతో కూడా నాకు పేచీ ఉంది. "నీ బాంచెన్ దొరా, కాల్మొక్త" అనే మాట మా తాతల కాలంలో నోటికి ఊతపదం. గడీ, అంటే దొర కోట, ముందు చెప్పులు చేతబట్టుకొని నడిచిన కాలపు మాట. అది మన యాసే, మన పలుకుబడే. సాయుధ పోరాటం, దాని తర్వాతి కొట్లాటలు దాన్ని నోళ్లలో నుంచి ఊడబెరికాయి. ఎల్లిగాడు ఎల్లయ్య అయ్యాడు. ఆ మాటలు పోయినందుకు ఏ సంస్కృతీ బీదబడలేదు.

ఇక అసలు భయం: భాష పోతే మనిషి పోతాడా? దీనికి కోయ, గోండు ఊళ్లలో చూసింది చెబుతా. ఈ భాషలు తెలుగుకు దూరపువేం కాదు, ఒకే కొమ్మవి. మన చెవి గోండిలో కెవి. మన చెయ్యి వాళ్లకు కయి. ఏర్ అంటే వాళ్లకు నీళ్లు, మనకు ఏరు అంటే పారే నీళ్లు. కోయ మాట్లాడేవాళ్లు 2011 లెక్కలో దేశమంతా కలిపి 4 లక్షల 7 వేలు. మాట తగ్గిన గూడేల్లో కూడా పెళ్లి సంబంధం అనగానే మొదటి ప్రశ్న గట్టు, అంటే వంశం. మూడో గట్టా, ఐదో గట్టా? ఒకే గట్టు అయితే అన్నాచెల్లెళ్లే, మాట అక్కడితో బంద్. ఈ ప్రశ్న తెలుగులోనే అడుగుతారు, జవాబూ తెలుగులోనే. భాష మారింది కానీ చట్టం మారలేదు. అడవి హక్కుల గురించి కొమురం భీము పేరుతో మనం వినే నినాదం జల్, జంగల్, జమీన్. ఆ మూడింట్లో ఒక్కటీ గోండి మాట కాదు. అయినా ఆ నినాదాన్ని గోండులది కాదని ఎవరంటారు?

పోయిందనుకున్నది బయటపడడం కూడా చూశాం. ఆదిలాబాద్‌లో నార్నూర్ దగ్గర గుంజాల అనే ఊళ్లో గోండి సొంత లిపిలో రాసిన పాత కాగితాలు దొరికాయి. అంతకుముందు 1940లలో గోండుల మీద పరిశోధన చేసిన హైమెండార్ఫ్ మార్లవాయి అనే ఊళ్లో గోండు పిల్లలకు బడి పెట్టించినప్పుడు పుస్తకాలు దేవనాగరి లిపిలో వేశారు. ఇప్పుడు గుంజాల లిపికి 2018 నుంచి యూనికోడ్‌లో చోటుంది, ఫోన్లలో వాడుకోవచ్చు. ఎంతమంది వాడుతున్నారన్నది వేరే మాట. కానీ మాకూ అక్షరాలున్నాయి అని చెప్పేటప్పుడు ఆ ఊళ్ల పిల్లల మొహాలు నేను చూశాను.

పోయేది ఏదీ లేదా అంటే ఉంది. అది మీ తండాలోనే చూశాను, అందుకే చివరికి పెట్టుకున్నా. నేను పనిచేసిన తండాలో ఒక పెళ్లి. అత్తారింటికి పోయేముందు పెళ్లిపిల్ల ఒక్కొక్కరి మెడ పట్టుకొని ఢావ్లో పాడుతూ ఏడవాలి. ఉత్త ఏడుపు కాదు అది. అమ్మ దగ్గర ఒక మాట, అన్న దగ్గర ఒక మాట, పుట్టిన ఇంటికి ఒక మాట, అన్నీ రాగంలో. ఆ పిల్ల హాస్టల్‌లో పెరిగింది, గోర్ బోలీ నీలాగే అర్థమవుతుంది, నోటికి రాదు. ముసలామె పక్కన నిలబడి ఒక్కో చరణం అందిస్తుంటే ఆ పిల్ల రెండు మాటలు అందుకొని ఆగిపోయింది. తర్వాత మామూలుగా ఏడ్చింది. ఏడుపు నిజమే, కన్నీళ్లు నిజమే. ముసలామె మాత్రం ఆ చరణాలు తానే చివరిదాకా పాడింది, ఎవరి మెడా పట్టుకోకుండా. మన తెలుగు ఇళ్లలో శోకం పెట్టి ఏడ్చే ఆడవాళ్లు పోతున్నారు చూడు, అదీ ఇట్లాంటిదే. గట్టు, దేవుడు, పండుగ, వంట, ఇవన్నీ ఇంకో భాషలోకి దిగి బతుకుతాయి. ఆ భాషలో మాత్రమే చెయ్యగలిగిన పని ఒకటి ఉంటుంది, అది దిగదు.

కాబట్టి నువ్వు సగం లంబాడీవి కాదు. తండాలో పుట్టి, సేవాలాల్‌కు మొక్కి, తీజ్‌కు బుట్టలో గోధుమలు నాటి తొమ్మిది రోజులు నీళ్లు పోసినదానివి. రేపు జనగణనవాళ్లు వస్తే గడిలో ఏం రాయించాలో నీ ఇష్టం. నన్నడిగితే యాడి నీతో మాట్లాడిన భాషే రాయించు. తమ్ముడిని కూడా పక్కన కూర్చోబెట్టుకొని రాయించు. తెలంగాణ తెలుగు నీది కాదని ఎవరైనా అంటే నవ్వి ఊరుకో.

ఒక పని మాత్రం ఈ శ్రావణంలో తీజ్‌కు ఊరికి పోయినప్పుడు చెయ్యి. మీ నాయనమ్మ దగ్గర కూర్చొని ఫోన్‌లో రికార్డు పెట్టు. "ఢావ్లో పాడు" అని అడిగితే పాడదు, పెళ్లి లేకుండా పాడితే అరిష్టమంటారేమో కూడా. తన పెళ్లినాడు ఎవరి మెడ పట్టుకొని ఏమన్నదో చెప్పమను. చెబుతూ చెబుతూ రాగంలోకి తనే పోతుంది. మాట అర్థం కాకపోతే మధ్యలో ఆపొద్దు, అయిపోయాక అడుగు. రాసుకోవడానికి తెలుగు లిపి చాలు. 2004 ప్రాంతంలో ఉమ్మడి రాష్ట్రంలో గోండి, కోయ, కోలామి, లంబాడి సహా ఎనిమిది గిరిజన భాషల్లో చిన్న తరగతులకు పుస్తకాలు తెచ్చినప్పుడు తెలుగు లిపిలోనే వేశారు. దీర్ఘాలు, ఒత్తులు నాయనమ్మ పలికినట్టే పెట్టు, బడి తెలుగుకు సరిచెయ్యకు. మొదటి పేజీలో తేదీ, తండా పేరు, ఎవరి కోసం ఆ చరణం పాడిందో రాసి పెట్టు. ఎర్ర పెన్ను దగ్గర పెట్టుకోవద్దు.